ముందు నడచువాని మాట

పెద్దల మాట వినవలెనని పిల్లలకు బోధించుట నా వృత్తి. ఇరువది సంవత్సరములుగా ఈ బోధన చేయుచున్నాను. వినని బాలుని బల్లపై నిలువబెట్టితిని. వినిన బాలుని పదుగురిలో మెచ్చుకొంటిని. కాని, వినవలసిన ఆ మాటను నాకంటె చిన్నవాడు, నావలె చదువుకొననివాడు, నా చేత కూలి పుచ్చుకొనువాడు చెప్పినప్పుడు నేనేమి చేసితినో తెలుపుటకే ఈ వ్యాసము వ్రాయుచున్నాను. దీనిని ఉపదేశమని చదువరులు తలపవలదు. అపరాధనివేదనముగా గ్రహింప వేడుచున్నాను.

2017వ సంవత్సరపు దసరా సెలవులలో పదవ తరగతి బాలురను పదునొకండుగురిని వెంటబెట్టుకొని, నేనును నా తోడి ఉపాధ్యాయుడొకడును అహోబిలము పోయితిమి. నేటి నంద్యాల జిల్లాలో, నల్లమల కొండల నడుమనున్న ఈ క్షేత్రము నెరుగని తెలుగువారు అరుదు. ఎగువ అహోబిలము వరకు రోడ్డు కలదు. అటుపిమ్మట భవనాశిని యను సెలయేటి వెంబడి రాళ్లమీదుగా జ్వాలానృసింహుని గుడికిని, అచ్చటినుండి నిట్టనిలువు కొండయెక్కి ఉగ్రస్తంభమునకును కాలినడకనే పోవలెను. హిరణ్యకశిపుని సభలోని స్తంభము ఇదియే యనియు, నరహరి దీనినే చీల్చుకొని వెలువడెననియు జనులు చెప్పుకొందురు. ఆ మహాశిలను చూడవలెనని బాలురకెంత ఉబలాటమో, వారికా కథ చెప్పిన నాకు అంతకు మించిన ఉబలాటము.

దారి చూపుటకు ఒక చెంచు యువకుని కుదుర్చుకొంటిమి. ముప్పది యేండ్ల లోపువాడు. ఇద్దరు బిడ్డల తండ్రి. చేత వెదురుకర్ర, భుజమున చుట్టిన తాడు. ఎగువ గుడి యెదుట మమ్ము నిలిపి, "నాలుగు మాటలు సార్" అని మొదలుపెట్టెను. తాను ముందు నడచును, ఉపాధ్యాయులలో ఒకరు చివర నడువవలెను, నడుమనున్నవారెవ్వరును దారి తప్పి పోరాదు, ఇది మొదటిది. కొండచరియలకు పెద్ద తేనెపట్టులున్నవి గనుక కేకలు, పొగ, అత్తరువాసన పనికిరావు, ఒక్క యీగ కుట్టినచో ఆ గాలి పసిగట్టి తక్కినవియు మీదపడును, ఇది రెండవది. ఏటిలో తాను కాలుపెట్టిన రాతిమీదనే యెల్లరును కాలుపెట్టవలెను; ఇది మూడవది. పన్నెండు గంటలకు ఎచ్చటనున్నను వెనుదిరుగవలెను; ఇది నాలుగవది. దీనికి మాత్రము అతడు కారణమును గూడ చెప్పెను: "ఈ దినాల్లో మధ్యాన్నం దాటితే పైకొండల్లో వాన పడతాది సార్. ఈడ ఎండ ఉంటాది, ఆడ కురుస్తాది. ఏరు మనకు చెప్పి రాదు."

మేము సరియంటిమి. సరియనుటకంటె సులభమైన పని లోకమున మరియొకటి లేదు.

మొదటి గంటలోనే నియమములు ఒకటొకటిగా సడలనారంభించెను. ఇద్దరు బాలురు బండ యంచున నిలిచి సెల్‌ఫోనులతో తమ బొమ్మలు తీసుకొనిరి. ఒకడు కోతిని జూచి కేకవేసెను. నా తోడి ఉపాధ్యాయుడు సిగరెట్టు ముట్టించెను. ఆ యువకుడు చేతులు జోడించి దానిని ఆర్పించెను. తప్పు చేసినవాడొకడు, చేతులు జోడించినవాడు మరియొకడు! ఆ వైపరీత్యము ఆ దినమున నాకు తోచలేదు. బాలురను మందలింపవలసిన మేము నవ్వి యూరకుంటిమి. విహారమునకు వచ్చినచోట బడి చట్టములేల యనుకొంటిమి. బాలురు మా నవ్వును చూచిరి. దాని యర్థమును చక్కగా గ్రహించిరి.

పన్నెండు గంటలగునప్పటికి స్తంభము చెట్లసందున కనబడుచుండెను. అరగంట నడక యుండునేమో. ఆ యువకుడు నిలిచి, వెనుకకు తిరిగి, "ఇంగ ఎనక్కి పోవాల సార్" అనెను.

"ఇంత దూరం వచ్చా? అదిగో, కనబడుతోంది కదయ్యా! ఆకాశంలో ఒక్క మబ్బు తునక లేదు. నువ్వు ఊరికే పిల్లల్ని భయపెట్టకు."

"మల్లా రావచ్చు సార్."

"మళ్లీ ఎవరు వస్తారు? డబ్బిచ్చి నిన్ను తెచ్చుకొన్నది చూడడానికా, చూడకుండా పోవడానికా?"

ఈ మాటను నేను బాలుర యెదుట అంటిని. అతడు నన్ను 'మీరు' అనుచుండగా ఇద్దరు బిడ్డల తండ్రియగు వానిని నేను 'నువ్వు' అంటిని. అతడు నా ముఖము చూచెను. పిమ్మట పైకొండల వైపు చూచెను. "మీరు పెద్దోళ్లు" అని మాత్రమే పలికి, కర్ర యూనుకొని పైకి నడచెను.

స్తంభమును చూచితిమి. పాదుకలు గల చోట మ్రొక్కితిమి. బాలుర యానందమును జూచి నేను గెలిచితిననుకొంటిని. దిగుట మొదలుపెట్టునప్పటికి ఒంటిగంట దాటెను. సగము దారిలో గాలి చల్లబడెను. ఏటి దాపునకు వచ్చునప్పటికి మూడుగంటలు. ఉదయము పిక్కలను మించని నీరు అప్పుడు తొడలను ముంచు నెర్రనీరై రాళ్లను కప్పి పోవుచుండెను. మాపై నప్పటికిని చినుకు పడలేదు!

ప్రవాహపు వేగము రెట్టింపయినచో అది మనుష్యుని త్రోయు బలము నాలుగు రెట్లగునని విజ్ఞానశాస్త్రము చెప్పును. ఈ సూత్రమును బల్లపై వ్రాసి బోధించినవారు మా బడిలో కలరు. దానిని కాళ్లతో నెరిగినవాడు మాలో ఆ చెంచు ఒక్కడే. అతడు మమ్ము ఒడ్డున కూర్చుండబెట్టి, నీటియంచున ఒక పుల్ల గ్రుచ్చి, చాలసేపు దానిని చూచుచు కూర్చుండెను. నీరు జానెడు తగ్గిన పిమ్మట, చీకటిపడిన ఆ యడవిలో బాలురతో నిలువరాదని తలచి, తాడును ఇరుదరుల చెట్లకు బిగించి, తాను నడి యేటిలో నిలిచి, ఒక్కొక్కరిని దాటింపసాగెను.

నేను మొదటనే దాటి ఆవలి యొడ్డున బాలుర నందుకొనుచుంటిని. పదుగురు దాటిరి. పదునొకండవవాడు నడుమ కాలు జారి తాడు విడిచెను. ఆ యువకుడు తానును తాడు విడిచి వానిని పట్టి, బండమీదికి నెట్టెను. అంతలో అతని యెడమపాదము రెండు రాళ్లనడుమ చిక్కుకొనెను. ప్రవాహము దేహమును ముందునకు పడద్రోసెను. ఎముక విరిగిన చప్పుడు నేను వినలేదు. ఏటిహోరులో ఏమియు వినబడలేదు. అతని ముఖమును మాత్రము చూచితిని.

రెండు కర్రలకు నా పంచెయు నొక దుప్పటియు కట్టి డోలి చేసి, ఆ చీకటిలో అతనిని మోసికొని వచ్చితిమి. దారిని డోలిలోనుండి అతడే చెప్పుచు వచ్చెను. ఆసుపత్రి చేరునప్పటికి నడిరేయి. నీటబడిన బాలునికి మోచేయి గీరుకొనుట తప్ప మరేమియు కాలేదు. మూడవనాడు అందరమును ఇండ్లు చేరితిమి. అతడు ఎనిమిది నెలలు మంచము దిగలేదు. కాలు వంకరగా అతికెను.

బడికి సమర్పించిన నివేదికలో "అకాలవర్షముచే ప్రమాదము సంభవించినది" అని నేను వ్రాసితిని. అక్షరదోషము లేని వాక్యము. కాని ఆ వర్షము అకాలవర్షము కాదు. దాని కాలమును ఉదయము ఏడుగంటలకే మాకు చెప్పియుండిరి. సంస్కృతము చదివిన ఫలముగా నాకు లభించిన ఆ 'అకాల' శబ్దము వెనుక నేను దాగుకొంటిని.

అతని మాట నేనేల వినలేదు? ఈ ప్రశ్నను నన్ను నేను పలుమారులు వేసికొంటిని. మూడు కారణములు కనబడినవి.

మొదటిది ధనము. కూలి యిచ్చినంతనే అతని కాళ్లను, కండ్లను, కాలమును కొంటిమనుకొంటిమి. వైద్యునకు రుసుమిచ్చి, ఆ రుసుమిచ్చితిని గనుక నేను కోరిన మందే వ్రాయుమనువాడు మూఢుడు. దారిచూపువాని యెడల మాత్రము మనమందరము అట్టి మూఢులమే. మనము కొన్నది అతని సేవను గాదు, అతని నిషేధమును. 'వలదు' అను మాటయే అతని విద్య యొక్క సారము. దానిని త్రోసిపుచ్చి అతని మూపున సంచులు మోయించుట, దీపమును కొని దాని కాడతో నేల త్రవ్వుటవంటిది.

రెండవది కులవిద్యాగర్వము. ఇదియే మాటను పోలీసు ఉద్యోగి చెప్పియుండినచో నేను వెనుదిరిగియుందును. ఆంగ్లములో పలకపై వ్రాసియుండినచో గౌరవించియుందును. చెంచు చెప్పుటచేత అది నాకు భయముగా, అజ్ఞానముగా తోచెను. నేను చూడబోయినదెవ్వరిని? చెంచులక్ష్మిని వరించి, చెంచుల యింటి అల్లుడాయెనని లోకము కొనియాడు స్వామిని! అల్లునికి మ్రొక్కుటకై మామయింటివాని మాటను త్రోసి పోయితిని. మన భక్తిలోని వింత యిది.

మూడవది అతిసూక్ష్మమైనది. నియమము ఎల్లప్పుడును పాటింపబడుటచేతనే ప్రమాదము కనబడదు. ప్రమాదము కనబడకుండుటచేత నియమము వ్యర్థమని తోచును. గట్టు తెగని చెరువును జూచి గట్టేల యను రైతు ఉండడు గాని, అట్టి యాత్రికులు కోకొల్లలు. నియమము మీరిన పదిసారులలో తొమ్మిదిసారులు ఏమియు జరుగదు. ఆ తొమ్మిదియు పదియవదానికి మనలను సిద్ధపరచును.

ఆ పిమ్మట కొన్ని నెలలు పర్వతయాత్రలను గూర్చిన గ్రంథములు చదివితిని. అందు 1996వ సంవత్సరపు ఎవరెస్టు వృత్తాంతము చదువుచు, నా కథయే మంచులో పెద్దయక్షరములతో వ్రాయబడినట్లు అదరిపడితిని. ఆ మే నెల 10వ తేదీన న్యూజీలాండు దేశీయుడగు రాబ్ హాలును, అమెరికా దేశీయుడగు స్కాట్ ఫిషరును, రుసుము చెల్లించి వచ్చిన ఆరోహకులను నేపాలు వైపునుండి శిఖరమునకు గొనిపోయిరి. మధ్యాహ్నము రెండుగంటలు దాటినచో, శిఖరమెంత చేరువనున్నను, వెనుదిరుగవలెనని ముందే చెప్పుకొన్న మాట. హాలు బృందములోని ముగ్గురు, వేళకు చేరజాలమని గ్రహించి, మధ్యాహ్నము కాకమునుపే వెనుదిరిగిరి. ఆ ముగ్గురును బ్రదికిరి. అదే బృందములోని డగ్ హాన్సెన్ అను తపాలా ఉద్యోగి సాయంకాలము నాలుగుగంటలు దాటిన పిమ్మట శిఖరము చేరెను. క్రిందటి యేట శిఖరమునకు అతి సమీపమునుండి హాలు అతనిని వెనుకకు మరలించియుండెను. ఈ మారు మరలింపలేకపోయెను. హాలు అతనికొరకు నిలిచెను; తుపాను వచ్చెను. హాన్సెన్ మరణించెను. వారికి తోడ్పడబోయిన సహాయ మార్గదర్శి ఆండీ హారిసు మరణించెను. మరునాడు రేడియో ద్వారా గర్భవతియగు భార్యతో మాటలాడి, హాలు మరణించెను. ఫిషరును శిఖరమునుండి దిగుచు మరణించెను. పర్వతమునకు ఇరువైపుల కలిపి ఆ తుపానులో మరణించినవారు ఎనమండుగురు. అందు ముగ్గురు టిబెట్టు వైపునుండి ఎక్కిన భారతీయులు.

తప్పు హాన్సెన్‌ది మాత్రమే యనజాలము. వేళ దాటినను తానే ఒప్పుకొన్న హాలునందును తప్పు కలదు. కాని ఆ ఒప్పుకోలు ఎక్కడనుండి వచ్చినది? 'మీరు పెద్దోళ్లు' అను మాట ఎక్కడనుండి వచ్చినదో అచ్చటినుండియే. ఒకచోట కూలి, ఒకచోట వేల డాలర్లు, అంతియే భేదము. ఎదుటివాని కోరిక తీవ్రతకు దారిచూపువాని వివేకము లొంగిపోయినది. అప్పుడు మరణించునది కోరినవాడొక్కడే కాదు. నియమభంగము చేయువాడు తన ప్రాణమును తాను పణమొడ్డుచున్నానని గర్వపడును. అది అబద్ధము. తనను విడిచిపోజాలని మరియొకని ప్రాణమును వానినడుగకయే పణమొడ్డుచున్నాడు.

వెనుదిరుగు వేళను కొండక్రిందనే నిర్ణయించుటలో గొప్ప వివేకమున్నది. ఎవరెస్టు శిఖరముపై గాలి యొత్తిడి సముద్రతీరమునందలి దానిలో మూడవవంతు మాత్రమే. ప్రాణవాయువు చాలక అచ్చట బుద్ధి మందగించును. నల్లమలలో గాలికి కొరతలేదు. కాని గమ్యము కనబడినప్పుడు మనుష్యుని బుద్ధి ఏ యెత్తుననైనను మందగించును. కనుక నియమమనగా, తేటపడిన మనస్సుతో ఉదయము నేను, మత్తుగొన్న మనస్సుతో మధ్యాహ్నము ఉండబోవు నాకు వ్రాసిన లేఖ. ఆ లేఖను చదివి వినిపించుటకే దారిచూపువాడు వెంటవచ్చును.

ఆపదలన్నిటికిని యాత్రికులే కారకులని నేననుటలేదు. 2014 జూన్ 8వ తేదీన హిమాచలప్రదేశమున బియాస్ నదిలో హైదరాబాదు ఇంజనీరింగు విద్యార్థులు ఇరువదినలుగురు కొట్టుకొనిపోయిరి. ఎగువనున్న లార్జీ ఆనకట్టనుండి నీరు విడువబడెను. ఆ పిల్లలను సకాలమున హెచ్చరించినవారు లేకపోయిరి. 2019 సెప్టెంబరు 15వ తేదీన పాపికొండలకు పోవు పడవ గోదావరి వరదలో కచ్చులూరు వద్ద మునిగినప్పుడు, డెబ్బదికి పైబడిన జనములో ఇరువదియార్గురు మాత్రమే బ్రదికిరి. అంతటి వరదలో పడవను విడిచినవారిదే అచ్చట మొదటి దోషము. ఈ రెండు దుఃఖములను తలచినప్పుడెల్ల నాకు సిగ్గు మరింత పెరుగును. ఆ పిల్లలకు 'వలదు' అని చెప్పువాడు లేకపోయెను. నాకుండెను, నేను వానిని పిరికివాడంటిని.

నియమమునకు లోబడుట పిరికితనమగునా? 2014 మే 25వ తేదీన పదమూడేండ్ల మాలావత్ పూర్ణయు, ఆమెతో సాధనపల్లి ఆనందకుమారును ఎవరెస్టు శిఖరమెక్కిరి. ఇరువురును సాంఘిక సంక్షేమ గురుకుల పాఠశాలల విద్యార్థులు, పేదయిండ్ల బిడ్డలు. వారి విద్య శిఖరముపై మొదలుకాలేదు. భువనగిరి బండపై తాడు కట్టుటతో, శిక్షకుడు చెప్పినచోట కాలుపెట్టుటతో మొదలయ్యెను. ఆ బిడ్డలను పిరికివారనగలవాడెవ్వడు?

మన పాఠశాలల యాత్రలయందు కొన్ని మార్పులు జరుగవలెనని నా మనవి. దారిచూపువానికి ఈయవలసిన సొమ్ము బయలుదేరకముందే పూర్తిగా చేతబెట్టవలెను; గమ్యము చూచినను చూడకపోయినను అందు పైస తగ్గరాదు. ఉపాధ్యాయుడు బాలుర యెదుట నిలిచి, "ఈ దినమున వీరే మన గురువులు, నేనును వీరి శిష్యుడను" అని పలుకవలెను. 'వీరు' అనియే పలుకవలెను. యాత్రికులకు బీమా చేయించువారు అతనికిని చేయింపవలెను. అందరిలో మొదట నీటిలో దిగువాడు అతడే గదా! కడపటిది: ప్రమాదము జరిగినచో నివేదికలో నిజము వ్రాయవలెను. వానను నిందించినచో వాన మారదు.

నేను ఆ నివేదికను మరుసటి యేట తిరిగి వ్రాసి సమర్పించితిని. 'అకాలవర్షము' అను పదమును కొట్టివేసి, 'నా అవిధేయత' అని వ్రాసితిని. దానిని తరగతిలో చదివి వినిపించితిని గూడ. బాలురు నిశ్శబ్దముగా వినిరి. నా గౌరవమునకు భంగము కలిగినదో లేదో నేనెరుగను. ఆ దినమునుండి బాలురు తమ తప్పులు నా యెదుట కొంచెము సులభముగా చెప్పుచున్నారు.

2023 దసరాకు మరల అహోబిలము పోయితిమి. నాటి యువకుడు ఎగువ గుడివద్ద చిన్న యంగడి పెట్టుకొని, నీళ్లసీసాలు, చేతికర్రలు అమ్ముచున్నాడు. "మీ కాలు ఎట్లున్నది?" అని నేనడుగగా, "నన్ను మీరంటారేంది సార్" అని నవ్వెను. అతని తమ్ముడు మాకు దారిచూపెను. అవే నాలుగు మాటలు చెప్పెను.

పన్నెండుగంటలకు స్తంభము అవే చెట్లసందున కనబడెను. తమ్ముడు నిలిచి నా వైపు చూచెను. నేను బాలురవైపు తిరిగి, "పదండి, వెనుకకు" అంటిని. వారి ముఖములు వాడిపోయెను. నాకును కండ్లు మరలలేదు.

ఏరు దాటితిమి. పిక్కలు మించి తడియలేదు. సాయంకాలము వరకు ఆకాశము నిర్మలముగా నుండెను. ఆ దినమున కొండలలో నెక్కడను చినుకైనను పడలేదు. బస్సు ఎక్కుచు ఒక బాలుడు, "చూచి రావలసినది సార్, వాన రానేలేదు" అనెను.

"అవును నాయనా, రాలేదు" అంటిని.